ఉప్పాడ బీచ్ రోడ్డు: గోడ పని గోడ చేయాలి, రోడ్డు పని రోడ్డు చేయాలి

సంపాదకులు గారికి నమస్కారం.

కాకినాడ నుంచి అన్నవరం, తుని వైపు బయల్దేరేవాళ్లకు "పిఠాపురం ట్రాఫిక్కులో ఇరుక్కోవడం ఎందుకు, ఉప్పాడ మీదుగా బీచ్ రోడ్డున పొండి, సముద్రం చూసుకుంటూ వెళ్లొచ్చు" అని ఎవరో ఒకరు చెబుతూనే ఉంటారు. సలహా మంచిదే. వాకలపూడి దాటాక కుడిచేతి వైపు సముద్రం, ఎడమచేతి వైపు సరుగుడు తోటలు, రొయ్యపిల్లల హేచరీలు, మధ్యమధ్య ఒడ్డుకు లాగిన పడవలు, ఎండబెట్టిన చేపలు, ఉప్పాడలో జాందానీ మగ్గాలు. తూర్పు తీరంలో ఇంత దగ్గరగా కెరటాల పక్కన నడిచే రోడ్లు చాలా తక్కువ. కానీ ఇంత దగ్గరగా నడవడమే ఈ రోడ్డుకు వచ్చిన జబ్బు. వాయుగుండం పట్టిన ప్రతిసారీ పేపర్లో అదే ఫొటో వస్తుంది: సగం కొరికేసిన తారు, రోడ్డు మధ్యలో బండరాళ్లు, అవతల నిలబడ్డ పోలీసు బారికేడు. నెల తిరక్కుండా మళ్లీ అదే చోట, అదే గీత మీద, అదే పద్ధతిలో రోడ్డు వేస్తారు. ఆ పద్ధతి మార్చాలని, ఎలా మార్చవచ్చో చెప్పాలని ఈ ఉత్తరం.

పిఠాపురం, గొల్లప్రోలు మీదుగా కత్తిపూడి చేరే 216వ నంబరు జాతీయ రహదారి అసలు దారి. కత్తిపూడిలో 16వ నంబరు రహదారి ఎక్కితే అన్నవరం, తుని. బీచ్ రోడ్డు వాకలపూడి, సూర్యారావుపేట, నేమాం, సుబ్బంపేటల మీదుగా ఉప్పాడ చేరి, అక్కణ్ణుంచి మూలపేట, కోనపాపపేట దాటి తొండంగి మండలంలోకి పోతుంది. ఈ రెంటినీ కలిపే నిచ్చెన మెట్టు లాంటిది ఉప్పాడ–పిఠాపురం రోడ్డు, పన్నెండు పదమూడు కిలోమీటర్లు. బీచ్ రోడ్డు తెగితే బండ్లన్నీ ఆ మెట్టు మీదుగానే చుట్టు తిరగాలి. అందుచేత బీచ్ రోడ్డు గురించి ఏం మాట్లాడినా ఈ అడ్డరోడ్డును కలిపే మాట్లాడాలి. చాలామంది దీన్ని మర్చిపోతారు.

దెబ్బ తినేది మొత్తం రోడ్డు కాదు. వాకలపూడి వైపు సముద్రానికీ రోడ్డుకీ మధ్య ఇంకా ఇసుక మిగిలి ఉంది. సుబ్బంపేట దగ్గర్నుంచి ఉప్పాడ ఊళ్లోకి వచ్చేదాకా ఉన్న కొద్ది కిలోమీటర్లే అసలు చిక్కు. అక్కడ బీచ్ అనేదే లేదు. పోటు వేళ కెరటం నేరుగా రోడ్డు అంచును తాకుతుంది. రోడ్డుకు ఇవతల సూరాడపేట, మాయాపట్నం లాంటి మత్స్యకారుల పేటలు. సముద్రానికీ ఆ ఇళ్లకూ మధ్య ఉన్నది ఈ రోడ్డు ఒక్కటే. అంటే రోడ్డు మనుషుల్ని మోయాలి, సముద్రాన్నీ ఆపాలి. ఈ రెండు పనులూ ఒక్క కట్టడం చేయలేదు. గోడ కింద నుంచి కాస్త ఇసుక జారినా, నాలుగు రాళ్లు కుంగినా గోడగా అది నిలిచినట్టే లెక్క. రోడ్డు కింద చేటెడు ఇసుక జారినా రోడ్డు పోయినట్టే. రెంటినీ ఒకటి చేశాం కాబట్టి గోడకు తగిలిన ప్రతి చిన్న దెబ్బా రోడ్డుకు పెద్ద దెబ్బ అవుతోంది.

ఇక్కడే ఎందుకు ఇంత కోత? మన తీరం వెంట ఇసుక ఒక చోట నిలవదు, నడుస్తూ ఉంటుంది. మార్చి నుంచి నైరుతి ముగిసేదాకా దక్షిణం నుంచి వచ్చే కెరటాలు దాన్ని ఉత్తరానికి తోస్తాయి. ఈశాన్య రుతుపవనం వచ్చాక కొంత వెనక్కి, దక్షిణానికి నడుస్తుంది. ఏడాది మొత్తం లెక్క వేస్తే ఉత్తరానికి పోయేదే ఎక్కువ. గౌతమీ గోదావరి తెచ్చిన ఇసుక అలా ఉత్తరానికి సాగి సాగి గడిచిన రెండు శతాబ్దాల్లో హోప్ ఐలాండ్ అయింది. సుమారు 16 కిలోమీటర్ల పొడవున్న ఆ ఇసుక తిన్నె కాకినాడ అఖాతానికి చెయ్యి అడ్డం పెట్టినట్టు కాపు కాస్తోంది. కాకినాడ రేవు ప్రశాంతంగా ఉందంటే దాని చలవే. కానీ ఆ చెయ్యి ఎక్కడ ఆగిపోతుందో అక్కణ్ణుంచి ఉత్తరాన ఉన్న తీరానికి కాపు లేదు. తిన్నె కొనను చుట్టి వంగిన కెరటాలు ఉప్పాడ వైపు పోగుపడి విరుగుతాయి. దక్షిణం నుంచి రావలసిన ఇసుకేమో తిన్నె దగ్గర, అఖాతంలో, ఓడల కోసం తవ్విన కాలువలో ఆగిపోతుంది. దెబ్బ పెరిగింది, దెబ్బను ఓర్చుకునే ఇసుక తగ్గింది. ఉప్పాడ కష్టం ఇంతే.

దీనికి తోడు గోదావరి తెచ్చే మట్టే తగ్గిపోయింది. ధవళేశ్వరం దగ్గర కొలిచిన లెక్కల ప్రకారం 1970లలో ఏడాదికి సగటున సుమారు 15 కోట్ల టన్నులు వచ్చే ఒండ్రు 1990లకు 6 కోట్ల టన్నుల లోపుకు పడిపోయింది. ఎగువన కట్టిన జలాశయాలన్నీ నీళ్లతోపాటు మట్టినీ పట్టి ఉంచుతున్నాయి. జలాశయాలు వద్దనడం లేదు, డెల్టా బతికేది ఆ నీళ్లతోనే. నది ఇవ్వాల్సిన ఇసుక ఇవ్వనప్పుడు తీరానికి దాన్ని ఇంకెవరో తెచ్చి పోయాలి అన్నది మాత్రం ఎస్టిమేట్లు వేసేవాళ్లు గుర్తుపెట్టుకోవాలి.

రోడ్డు ఎలా పోతుందో దగ్గర నుంచి చూసినవాళ్లకు అది తుపాను రోజున పోదని తెలుసు. అంతకు ముందు చాలా రోజుల నుంచే పోతూ ఉంటుంది. పోటు తీసి పాటు మొదలైన వేళ సుబ్బంపేట దాటాక రోడ్డు అంచున నిలబడి బండరాళ్ల సందుల్లోకి చూడండి. వెనక్కి పోయే నీళ్లు తేటగా ఉంటే భయం లేదు. కుళాయి తిప్పినట్టు సన్నటి ధార బూడిదరంగులో కారుతుంటే అది రోడ్డు కింద ఇసుక. ప్రతి కెరటం రాళ్ల మధ్యలోకి నీళ్లు కొట్టి, వెనక్కి పోతూ గుప్పెడు ఇసుకను పీల్చుకుపోతుంది. పైన తారు నున్నగా, నల్లగా, కొత్తదానిలా ఉంటుంది. కింద మాత్రం గుల్ల. తర్వాత సముద్రపు అంచుకు అడుగున్నర లోపల, రోడ్డు పొడవునా ఒక పగులు కనిపిస్తుంది. మొదట అగ్గిపుల్ల దూరేంత, రెండు పక్షాలు గడిచేసరికి వేలు దూరేంత. ఆ పగులుకు రెండు వైపులా గునపంతో కొట్టి చూస్తే తెలిసిపోతుంది: గట్టి చోట గునపం "ఠంగ్" మంటుంది, గుల్ల చోట ఖాళీ డబ్బా మీద కొట్టినట్టు "డబ్" మంటుంది. ఆ దశలో చూసుకుంటే ఒక టిప్పరు రాయితో పోయేది, చూడకపోతే వచ్చే అమావాస్య పోటుకు మంచమంత ముక్క విరిగిపడుతుంది. పోటుకు పైకెక్కిన నీళ్లు రెండో వైపు నుంచీ పని చేస్తాయి. రోడ్డు దాటి ఊరి వైపు పడి, అక్కడి అంచును నానబెట్టి, కింది మట్టిని మెత్తబరుస్తాయి. రెండు వైపులా కొరికిన రొట్టెలా మధ్యలో సన్నటి తారు పట్టీ మిగులుతుంది. తుపాను వచ్చి ఆ పట్టీని తీసుకుపోతుంది, పేరు తుపానుకు వస్తుంది. 2025 అక్టోబరు చివర్లో మొంథా తుపాను వేళా ఈ రోడ్డు బాగా దెబ్బతింది. ఆ తుపాను తీరం దాటింది నరసాపురం ప్రాంతంలో. ఉప్పాడ దగ్గర దాటకపోయినా ఇంత జరిగిందంటే రోడ్డు ముందే ఎంత గుల్లయి ఉందో ఆలోచించండి.

తర్వాత జరిగే మరమ్మతు చూస్తే బాధ కలుగుతుంది. గోతిలో ఎర్ర గ్రావెల్ పోస్తారు, రోలరు తిప్పుతారు, పైన తారు, ముందర టిప్పర్లతో తెచ్చిన రాళ్లు. గ్రావెల్లో బంకమట్టి ఉంటుంది. ఎండలో రాయిలా గట్టిపడుతుంది కానీ ఉప్పునీరు నిత్యం తగిలితే ముద్దయి రాళ్ల సందుల్లోంచి కారిపోతుంది. ఆ గోతిలో గ్రావెల్ పోయనేకూడదు. చేయాల్సింది ఇది. నీళ్లు బాగా తీసిన పాటు వేళ గుల్ల చప్పుడు వచ్చినంత మేరా తారు కోసెయ్యాలి, దానికి అదనంగా మరో అర మీటరు కోయాలి. గోతి అడుగున, పక్కల మీదికి మడిచి, జియోటెక్స్‌టైల్ గుడ్డ పరవాలి. నీళ్లు పోతాయి, ఇసుక పోదు, గుడ్డ ఉపయోగం అదే. గుడ్డ అంచులు ఒకదానిపై ఒకటి కనీసం అర మీటరు ఎక్కాలి, లేకపోతే ఆ అతుకులోంచే ఇసుక పోతుంది. దాని మీద జానెడు రాయి, ఆ పైన 40 మిల్లీమీటర్ల కంకర, ఆ పైన సన్నరాయి. బయట పెద్ద బండలు పడేసే ముందు మధ్యరకం రాయి పొర వెయ్యాలి. ఇవన్నీ అయినా వెంటనే తారు వెయ్యకూడదు. ఒక అమావాస్య, ఒక పున్నమి పోట్లు చూశాక, ఎక్కడ కుంగిందో సరిచేశాక వెయ్యాలి. టెండరు గడువు కోసం వారంలో నల్లగా చేసి ఫొటో తీస్తే కింద ఏముందో ఎవరికీ తెలియదు.

బండరాళ్ల సంగతి కాస్త వివరంగా చెప్పాలి, ఎందుకంటే ఎక్కువ డబ్బు అక్కడే పోతోంది. రాయి బరువుకూ కెరటం ఎత్తుకూ ఉన్న లెక్క మామూలు లెక్క కాదు, ఘనాల లెక్క. కెరటం రెట్టింపు ఎత్తుంటే రాయి ఎనిమిది రెట్లు బరువుండాలి. తీరరక్షణ ఇంజనీర్లు వాడే హడ్సన్ సూత్రంతో చూద్దాం. మన గ్రానైటు రకం రాయి, రెండుకు ఒకటి వాలు (రెండు మీటర్ల అడ్డానికి ఒక మీటరు ఎత్తు), గట్టు మీద విరిగే కెరటం అనుకుంటే: ఒకటిన్నర మీటరు కెరటానికి ఒక్కో రాయి సుమారు 560 కిలోలు, రెండు మీటర్లకు 1,300 కిలోలు, మూడు మీటర్లకు 4,500 కిలోలు. 1,300 కిలోల రాయి అంటే పొడవు, వెడల్పు, ఎత్తు ఒక్కొక్కటి 80 సెంటీమీటర్లు ఉండే దిమ్మ. ఇప్పుడు రోడ్డు పక్కన పడి ఉన్న రాళ్లను చూడండి, అంత దిమ్మలు ఎన్ని, చేతి గునపాలతో దొర్లించగలిగినవి ఎన్ని? చిన్న రాయి కెరటాన్ని ఆపదు. కెరటంతో కలిసి రోడ్డు మీదికి వస్తుంది. తుపాను మర్నాడు రోడ్డు మధ్యలో కనిపించే రాళ్లన్నీ అవే. వాటిని జేసీబీతో మళ్లీ ముందుకు తోసి "రక్షణ పని పూర్తి" అని రాసుకోవడం సరికాదు.

పెద్ద రాయి ఒక్కటీ చాలదు. 1,300 కిలోల రాళ్ల మధ్య సందులు మనిషి చెయ్యి దూరేంత ఉంటాయి, ఇసుక కారడానికి అవి ద్వారాలు. అందుకే వాటి కింద వాటిలో పదో వంతు బరువున్న రాయి, అంటే 130 కిలోల దాకా, రెండు వరసలు. దాని కింద చిన్న రాయి, దాని కింద గుడ్డ. ఈ మధ్యపొర లేకుండా ఇసుక మీద నేరుగా పోసిన బండలు ఏడాదిలో వాటంతట అవే ఇసుకలోకి దిగిపోతాయి. ఉప్పాడ ముందర సముద్రంలో ఇన్నేళ్లుగా పోసిన రాయి ఎక్కడికీ పోలేదు, అక్కడే కింద ఉంది. ఇక గట్టు కాలు, అంటే గట్టు అడుగు అంచు. కెరటం గట్టును కొట్టి వెనక్కి తిరిగేటప్పుడు గట్టు మొదట్లో గుంట తవ్వుతుంది. నిటారు గోడ ముందైతే ఆ గుంట లోతు ఇంచుమించు కెరటం ఎత్తంత ఉంటుంది. కాలు ఆ లోతు కన్నా కిందికి దిగాలి, లేదా ముందుకు పరుపులా పరచాలి. పరుపు రాళ్లు గుంటలోకి జారి దాన్ని తామే పూడుస్తాయి. పైకి ఎంత అందంగా కట్టినా కాలు లేని గోడ ముందుకు తూలి పడుతుంది.

ఖర్చు ఎంత అని అడుగుతారు కాబట్టి రాయి లెక్క చెబుతాం. నాలుగు మీటర్ల ఎత్తు, రెండుకు ఒకటి వాలు, రెండు వరసల పెద్ద రాయి అనుకుంటే, మధ్యలో ఖాళీలు తీసేయగా మీటరు పొడవుకు సుమారు 24 టన్నులు. కిలోమీటరుకు 24 వేల టన్నులు, అంటే 20 టన్నుల టిప్పర్లు 1,200. కింది పొరలు, కాలు దీనికి అదనం. ఒక్కసారి చూస్తే గుండె గుభేలుమంటుంది. కానీ పదేళ్లలో అక్కడ పోసి పోగొట్టుకున్న రాయి, తారు, గ్రావెల్ బిల్లులన్నీ కలిపి పక్కన పెట్టి చూడమని సంబంధిత ఇంజనీర్లను కోరుతున్నాం. ఆ లెక్క ఎం-బుక్కుల్లో, అంటే చేసిన పని కొలతలు రాసే పుస్తకాల్లో, ఉంటుంది.

జియో ట్యూబుల గోడ కూడా ఉప్పాడలో వేసి చూశారు. ఇసుకతో నింపిన ఆ పొడుగాటి సంచులు పనికిరానివని మేము అనం. వాటికి మూడు గండాలు: ఎండకు గుడ్డ పెళుసెక్కడం, పడవ అడుగో లంగరో గుచ్చుకుని చిరగడం, కింద ఇసుక జారి వంగడం. ఒక చోట చిరిగితే లోపలి ఇసుకంతా కారి ఆ సంచి పొడవునా చప్పబడిపోతుంది. పడవలు రోజూ ఎక్కి దిగే ఊరి ముందర అలాంటిది పైకి కనిపించేలా పెట్టడమే పొరపాటు. నీళ్లలో మునిగి ఉండేలా, రాతి కవచం కింద గుండెకాయలా వాడితే దాని బలం తెలుస్తుంది.

అయితే గోడ ఎంత బాగా కట్టినా ఇసుక పుట్టించదు. పైగా గోడ ఎక్కడ ఆగిందో అక్కణ్ణుంచి ఉత్తరాన కోత పెరుగుతుంది. కోనపాపపేటలో ఇళ్లు సముద్రంలో కలుస్తుండటం చూస్తున్నాం. ఉప్పాడలో మాత్రమే గోడ కట్టి సంతోషపడితే రేపు కోనపాపపేటకూ, ఎల్లుండి ఆ పై ఊళ్లకూ గోడ కట్టాలి. అందువల్ల గోడతోపాటు ఇసుక పోయాలి. ఓడల కాలువ పూడిక తీసినప్పుడు వచ్చే ఇసుకను లోతు సముద్రంలో పారబోయకుండా, శుభ్రమైనదాన్ని ఏరి సుబ్బంపేట–ఉప్పాడ ముందర పోయాలి. ఇది కొత్త ఆలోచన కాదు. విశాఖలో ఔటర్ హార్బరు కట్టాక ఇసుక నడక ఆగిపోతే, రేవు దక్షిణాన పట్టిన ఇసుకను డ్రెడ్జర్లతో తెచ్చి ఆర్కే బీచ్ వైపు పోస్తూ వస్తున్నారు. పోయడం తగ్గిన ఏడాది ఆర్కే బీచ్ కోతకు గురవుతుంది, అందరూ చూసిందే. పుదుచ్చేరిలో జాతీయ సముద్ర సాంకేతిక సంస్థ నీళ్లలో మునిగి ఉండే ఒక అడ్డుకట్ట వేసి, ఇసుక పోసి, ఎన్నో ఏళ్లుగా రాళ్లు మాత్రమే మిగిలిన ప్రొమెనాడ్ ముందు మళ్లీ బీచ్ తెచ్చింది. ఉప్పాడ కెరటం వేరు, పుదుచ్చేరి కెరటం వేరు, అదే నమూనా ఇక్కడ దించమనడం లేదు. కానీ ఇసుక బీచ్ కన్నా మంచి గోడ లేదు. కెరటం బలమంతా వాలు మీద పరుగెత్తడంలోనే ఖర్చయిపోతుంది.

ఇక రోడ్డు. అన్నవరం వైపు జాతీయ రహదారిని కలిపేలా చేపట్టిన నాలుగు వరసల రోడ్డు పూర్తిగా వాడకంలోకి వస్తే లారీలు, కంపెనీ బస్సులు, పోర్టు సరుకు అటే పోవాలి. అప్పటిదాకా ఉప్పాడ–పిఠాపురం రోడ్డును వెడల్పు చేసి, మలుపుల్లో అంచులు గట్టిపరచి, భారీ బండ్లను దాని మీదికి మళ్లించాలి. బీచ్ రోడ్డు మీద సుబ్బంపేట–ఉప్పాడ మధ్య తేలిక బండ్లే తిరగాలి: బైకులు, ఆటోలు, కార్లు, చేపలూ ఐసూ మోసే చిన్న బండ్లు, స్కూలు బస్సులు. ఆ ముక్కలో తారు మానేసి కాంక్రీటు పేవర్ బ్లాకులు పరవాలని మా అభిప్రాయం. తారు ఉప్పునీటికి కంకరను వదిలేస్తుంది. సిమెంటు రోడ్డు పలకలు కింద గుల్లయినా పైకి తెలియనివ్వకుండా నిలబడి, ఒక్కసారిగా బిస్కెట్టులా విరుగుతాయి. అది తారు కన్నా ప్రమాదం. బ్లాకులైతే కింద కుంగిన చోట పైనా కుంగి కనిపిస్తాయి. తీసి, కింద నింపి, అవే బ్లాకులు మళ్లీ పరుచుకోవచ్చు, ఆరుగురు కూలీలతో రోజులో అయిపోయే పని. బ్లాకు మందం 80 మిల్లీమీటర్లకు తగ్గకూడదు, రెండు అంచుల్లో కాంక్రీటు దిమ్మ బిగింపు ఉండాలి. అంచు వదులైతే బ్లాకులన్నీ పళ్లు ఊడినట్టు ఊడతాయి.

రోడ్డు ఎత్తు పెంచడం గురించి ఒక హెచ్చరిక. ప్రతి మరమ్మతుకూ జానెడు ఎత్తు పెంచుకుంటూ పోతే లోపలి ఇళ్లు గుంటలో పడతాయి. పైనుంచి దూకిన ఉప్పునీరు, వాన నీరు బయటికి పోయే దారి లేక వాకిళ్లలో నిలుస్తుంది. ఎత్తు పెంచితే తూములూ పెట్టాలి, తూము సముద్రం వైపు మూతికి పోటు వేళ తనంతట మూసుకునే తలుపు ఉండాలి. ఆ తలుపుల్లో ఇసుక ఇరుక్కుంటుంది. పది రోజులకోసారి తీసే మనిషిని పెట్టకపోతే అవి ఉన్నా లేనట్టే.

పనికి కాలం కూడా ముఖ్యం. మన తీరంలో సముద్ర మట్టం ఏడాది పొడవునా ఒకేలా ఉండదు. ఫిబ్రవరి, మార్చిలో బాగా కిందికి ఉంటుంది, అక్టోబరు, నవంబరుల్లో బాగా పైకి లేస్తుంది. అప్పుడే తుపాన్లు వస్తాయి, అప్పుడే కార్తీక మాసం. గాలి ఒత్తిడి ఒక్క మిల్లీబారు తగ్గితే సముద్రం సుమారు ఒక సెంటీమీటరు లేస్తుంది, దాని మీద గాలి తోసే నీళ్లు, దాని మీద కెరటం. కాబట్టి గట్టు కాలు పని సంక్రాంతి వెళ్లాక మొదలై ఏప్రిల్ చివరికి ముగియాలి. ఆగస్టులో టెండరు పిలిచి అక్టోబరులో పోసిన రాయి ఎవరికీ ఉపయోగపడదు.

ఈ పనులన్నీ అయ్యేలోగా జనం తిరగడం ఆపరు, ఆపాల్సిన అవసరమూ లేదు. కెరటం ఎప్పుడు రోడ్డెక్కుతుందో ముందే తెలుసుకోవచ్చు. మన తీరంలో రోజుకు రెండు పోట్లు, రెండు పాట్లు. అమావాస్య, పున్నమి రోజుల్లో పోటు ఉదయం, రాత్రి ఎనిమిది తొమ్మిది గంటల ప్రాంతంలో నిండుతుంది. ఆ తర్వాత రోజుకు సుమారు 50 నిమిషాల చొప్పున ఆలస్యమవుతుంది. అష్టమి నాటికి రెండు మూడు గంటల ప్రాంతానికి వస్తుంది, కానీ అప్పుడు పోటు బలం తక్కువ. గట్టి పోటు సరిగ్గా పున్నమి నాడు రాదు, పాడ్యమి, విదియల్లో వస్తుంది. అప్పుడు పోటుకూ పాటుకూ మధ్య నీటి మట్టంలో ఇంచుమించు ఒకటిన్నర మీటరు తేడా ఉంటుంది. కాబట్టి పున్నమి, అమావాస్యల ముందు రోజు నుంచి తదియ దాకా, పోటు నిండే వేళకు రెండు గంటలు ముందు, రెండు గంటలు తర్వాత సుబ్బంపేట–ఉప్పాడ ముక్క మీద ఉండొద్దు. కార్తీక పౌర్ణమికి అన్నవరం వెళ్లేవాళ్లు తెల్లవారుజామున ఆరు లోపే ఆ ముక్క దాటాలి, లేదా పిఠాపురం మీదుగా పోవాలి. రాత్రి తిరుగు ప్రయాణం మాత్రం పిఠాపురం మీదుగానే. చీకట్లో రోడ్డు అంచు పోయిందో ఉందో కనిపించదు, తడి తారు మీద హెడ్‌లైటు వెలుగు గోతిని కూడా రోడ్డులాగే చూపిస్తుంది.

కాకినాడ రేవులో మూడో నంబరు ప్రమాద హెచ్చరిక ఎగరేశారని వింటే ఆ రోజుకు బీచ్ రోడ్డు ఆలోచన మానెయ్యండి. హైదరాబాదులోని ఇన్‌కాయిస్ సంస్థ కెరటాల హెచ్చరికలు ఊళ్లో చినుకు లేని రోజున కూడా ఇస్తుంది, దూరపు తుపాను తోసిన కెరటం ఎండలో కూడా వస్తుంది కాబట్టి వాటిని తేలిగ్గా తీసుకోవద్దు. వెళ్తుండగా ముందర కెరటం రోడ్డు మీద పడటం కనిపిస్తే, రెండు కెరటాల మధ్య దూసుకుపోదామని చూడకూడదు. పెద్ద కెరటాలు జట్లుగా వస్తాయి. రెండు చిన్నవి చూసి కదిలితే మూడోది మధ్యలో అందుకుంటుంది. వెనక్కి తిప్పి పిఠాపురం రోడ్డు పట్టడమే పని. బైకు మీద వెళ్లేవాళ్లకు నీళ్ల కన్నా పొడి ఇసుక ప్రమాదం, ముఖ్యంగా మలుపు లోపలి వైపు పేరుకున్నది. అక్కడ ముందు బ్రేకు వాడకూడదు. కారు సముద్రం వైపు అంచున ఆపి ఫొటోలకు దిగొద్దు, పైన చెప్పిన పగులు సరిగ్గా మీ చక్రాల కింద ఉంటుంది. ఇంటికి చేరాక బండి కింది భాగం, బ్రేకు డిస్కులు, గొలుసు అదే రోజు మంచినీళ్లతో కడగాలి. మర్నాటికి ఉప్పు పట్టేస్తుంది.

దారికి రెండు కొసలా, అంటే సుబ్బంపేట దగ్గర, ఉప్పాడ జంక్షన్ దగ్గర, గేటు పెట్టాలి. పక్కనే బోర్డు మీద ఆనాటి పోటు వేళలు సుద్దతో రాసే మనిషి ఉండాలి. రోడ్డు అంచున వంద మీటర్లకొకటి చొప్పున ఎత్తు గుర్తులు వేసిన కాంక్రీటు స్తంభాలు పాతితే అంచు ఎంత జరిగిందో ఎవరికైనా తెలుస్తుంది. ఇవి లక్షల్లో అయ్యే పనులు, కోట్లు అక్కర్లేదు, వచ్చే పున్నమి లోపే చేయవచ్చు.

మీ పత్రికకు కూడా ఒక విన్నపం. జిల్లా పేజీలో రోజూ తిథి, వర్జ్యం, రాహుకాలం, సూర్యోదయం, సూర్యాస్తమయం వేస్తున్నారు. వాటి కింద ఇంకొక్క వరుస చేర్చండి: కాకినాడ తీరంలో పోటు ఉదయం ఎన్ని గంటలకు, రాత్రి ఎన్ని గంటలకు, ఎన్ని మీటర్లు అని. రేవు పోటు పట్టికలు ఏడాది ముందే అచ్చవుతాయి, వాటిలోంచి ఎత్తి వేస్తే చాలు. వేటకు పోయే మత్స్యకారులకు ఆ వేళలు ఒంట్లోనే ఉంటాయి. వ్రతానికి పిల్లల్ని తీసుకుని ఆ దారిన బయల్దేరే కుటుంబాలకు మాత్రం చెప్పేవాళ్లు లేరు.

ఇట్లు,
తీర ప్రాంత రోడ్ల పనుల్లో ఉన్న కొందరు ఇంజనీర్లు,
కాకినాడ